ముసుగు వీరుల ఫైళ్లు ఎవరి బీరువాలో?

మార్వెల్ కామిక్స్‌లో 2008-09లో వచ్చిన ఒక ఐరన్ మ్యాన్ కథలో, ఆ లోహపు కవచం తొడుక్కునే హీరో టోనీ స్టార్క్ ఊరూరా పారిపోతూ ఉంటాడు. పారిపోతూనే తన మెదడులో ఉన్నదంతా కొంచెం కొంచెంగా చెరిపేసుకుంటూ ఉంటాడు. రోజురోజుకీ తెలివి తగ్గిపోతుంది. కొత్త కవచాలు నడపడం చేతకాక పాతవాటికి, ఆ పైన మరీ పాతవాటికి దిగుతాడు. ప్రపంచంలోనే పెద్ద మేధావుల్లో ఒకడికి ఈ ఖర్మ ఎందుకంటే, ఆ మెదడులో ఒక జాబితా ఉంది. అమెరికా ప్రభుత్వం దగ్గర నమోదు చేసుకున్న సూపర్‌హీరోల అసలు పేర్లు అందులో ఉన్నాయి. రెండేళ్ల కిందట ఆ జాబితా ఉండి తీరాలని అందరికంటే గట్టిగా పట్టుబట్టింది ఈ స్టార్కే.

సూపర్‌హీరో కథల్లో శక్తులున్నవాళ్ల మీద ఓ కన్నేసి ఉంచే ప్రభుత్వ ఆఫీసులు బోలెడు. షీల్డ్, డీఈఓ, టాస్క్ ఫోర్స్ ఎక్స్, చెక్‌మేట్, ఆర్గస్, సూపర్‌హ్యూమన్ కార్యకలాపాల కమిషన్... కొత్తగా చదివేవాళ్లకు ఇదంతా ఒకటే అక్షరాల గందరగోళం. నల్లకోటు, చెవిలో తీగ, చేతిలో ఫైలు, అందరూ ఒకేలా కనిపిస్తారు. కానీ శత్రువు మీద నిఘా పెట్టడం ఒక పని, శక్తి ఉన్నవాణ్ణి వాడుకోవడం ఇంకో పని. వాడి పేరు రాసుకుని బీరువాలో పెట్టుకోవడం ఈ రెండింటికీ సంబంధం లేని మూడో పని. కథల్లోని చిక్కంతా మొదటి రెండు పనుల కోసం పెట్టిన ఆఫీసు మెల్లగా మూడో పనిలోకి జారుకోవడంలోనే ఉంది.

1938లో సూపర్‌మ్యాన్ వచ్చినప్పుడు ఇలాంటి ఆఫీసేదీ లేదు. దొంగను పట్టి పోలీసులకు అప్పగించడం, యుద్ధం వస్తే నాజీల్ని తన్నడం, అంతే. నీ అసలు పేరేంటని ప్రభుత్వం గట్టిగా అడిగిన పాపాన పోలేదు. 1965లో మార్వెల్‌లో స్టాన్ లీ, జాక్ కిర్బీ కలిసి షీల్డ్ అనే గూఢచారి సంస్థను పుట్టించినా అది గూఢచారి సినిమాల మోజు నడుస్తున్న కాలం. దాని అధిపతి నిక్ ఫ్యూరీ కన్ను హైడ్రా అనే ముఠా లాంటి బయటి శత్రువుల మీదే ఉండేది. ఎగిరే కార్లు, ఆకాశంలో తేలే యుద్ధనౌక, సరదాగా సాగిపోయేది.

ఆ సరదా పోయింది 1970ల తర్వాత. అధ్యక్షుడు నిక్సన్ పదవి పోగొట్టిన వాటర్‌గేట్ కుంభకోణం అయింది. ఎఫ్‌బీఐ సొంత దేశపు పౌరుల మీదే ఏళ్ల తరబడి నిఘా పెట్టిందని 1975లో సెనేట్ కమిటీ విచారణలో బయటపడింది. ఈ వార్తలు చదువుతూ పెరిగిన కుర్రాళ్లే కామిక్స్ రచయితలయ్యారు. 1979లో మార్వెల్ పోటీ కంపెనీ డీసీ వేసిన ఒక చిన్న కథ ఈ మార్పుకు మంచి గుర్తు. అందులో జస్టిస్ సొసైటీ హీరోలు 1951లో ఎందుకు మాయమయ్యారో చెబుతారు. కాంగ్రెస్ కమిటీ ఒకటి వాళ్లను పిలిచి, ముసుగులు తీసి మీరెవరో చెప్పండి అంటుంది. వాళ్లు తీయరు. అక్కడికక్కడే మాయమై చాలా ఏళ్లు బయటకు రారు. నిజానికి 1951లో ఆ పత్రిక ఆగిపోయిన కారణం సూపర్‌హీరోలంటే పాఠకులకు మొహం మొత్తడమే. కానీ కమ్యూనిస్టుల పేర్లు చెప్పమని సినిమావాళ్లను బోనెక్కించిన కాలం కూడా అదే కదా. 28 ఏళ్లు పోయాక ఒక రచయిత ఆ రెండింటికీ ముడేశాడు. అమ్మకాలు పడిపోవడానికి ఇంత గౌరవమైన కారణం ఇంకెవరికీ దొరికి ఉండదు.

1981లో మార్వెల్ పత్రిక ఎక్స్-మెన్ ఇంకో అడుగు ముందుకేసింది. అక్కడి హీరోలు మ్యూటెంట్లు. ఏ సాలీడూ కుట్టలేదు, ఏ ప్రయోగమూ వికటించలేదు, పుట్టుకతోనే అలా ఉన్నారు. ఆ ఏడాది వచ్చిన రెండు సంచికల కథలో 2013 నాటి అమెరికా కనిపిస్తుంది. సెంటినెల్స్ అనే మరమనుషులు రాజ్యమేలుతుంటారు. మామూలు మనిషికి ఒక అక్షరం, మ్యూటెంట్ పిల్లలు పుట్టే అవకాశం ఉన్నవాడికి ఇంకో అక్షరం, మ్యూటెంట్‌కు మరో అక్షరం, బట్టల మీదే వేసి ఉంటాయి. మిగిలిన కొద్దిమంది మ్యూటెంట్లు శిబిరాల్లో మగ్గుతుంటారు. అప్పటి పాఠకులకు దూరంగా అనిపించిన ఆ 2013 వచ్చిందీ, వెళ్లిందీ. ఆ కథ మాత్రం పాతబడలేదు. ఈ చేసింది నీ పనా అని అడిగే ప్రశ్న స్థానంలో, నువ్వేమిటి అనే ప్రశ్న వచ్చి కూర్చున్నది అక్కడే.

చేసిన పనికి ఫైలు తెరవడం, పుట్టిన పుట్టుకకు ఫైలు తెరవడం. ఈ తేడా తెలుగువాళ్లకు విడమరిచి చెప్పాల్సిన పని లేదు. రౌడీషీట్ అన్న మాట మనకు తెలుసు. అది కనీసం ఏదో చేశాడన్న ఆరోపణ మీద తెరుస్తారు. స్టూవర్టుపురం సంగతి అలాంటిది కాదు. క్రిమినల్ ట్రైబ్స్ చట్టం కింద ఎరుకల కుటుంబంలో పుట్టడమే నేరమైంది. వేలిముద్రలు ఇవ్వాలి, పిలిచినప్పుడు హాజరు పలకాలి, ఊరు దాటాలంటే అనుమతి కావాలి. ఆ చట్టం 1952లో పోయినా ఊరి పేరు మీద మచ్చ ఎంతకాలం ఉందో మన సినిమాలే చెబుతాయి. అమెరికాకూ తన సొంత జ్ఞాపకం ఉంది. 1942లో జపాన్ మూలాలున్న దాదాపు 1,20,000 మందిని శిబిరాలకు తరలించినప్పుడు, వాళ్లు ఏయే పేటల్లో ఎంతమంది ఉన్నారో చూపింది అంతకు రెండేళ్ల ముందు తీసిన జనాభా లెక్కలే. లెక్క రాసుకున్న గుమాస్తాకు ఏ దురుద్దేశమూ ఉండి ఉండదు. ఈ మాట గుర్తుపెట్టుకోండి, మళ్లీ దీని దగ్గరికే వస్తాం.

1980ల మధ్యకొచ్చేసరికి రెండు కంపెనీల్లోనూ ప్రభుత్వం గట్టిగానే కాలు పెట్టింది. డీసీలో అమాండా వాలర్ అనే అధికారిణి జైల్లో ఉన్న విలన్లను తీసుకుని టాస్క్ ఫోర్స్ ఎక్స్ నడిపింది. చావుకు తెగించే పనులు చేయండి, బతికొస్తే శిక్ష తగ్గిస్తాం అన్నది బేరం. సినిమాల పుణ్యమా అని సూసైడ్ స్క్వాడ్ పేరుతో ఇది అందరికీ తెలుసు కనుక ఇక్కడ ఆగను. మార్వెల్‌లో 1987లో జరిగింది మాత్రం తక్కువమందికి తెలుసు. సూపర్‌హ్యూమన్ కార్యకలాపాల కమిషన్ వాళ్లు కెప్టెన్ అమెరికాను పిలిపించి పాత కాగితాలు ముందు పెట్టారు. రెండో ప్రపంచ యుద్ధంలో నిన్ను తయారు చేసింది ప్రభుత్వం, ఆ పేరు మాది, ఆ దుస్తులు మావి, ఆ డాలు మాది, మేం చెప్పినట్టు పని చెయ్యి లేదా అన్నీ ఇచ్చేసి వెళ్లు అన్నారు. కెప్టెన్ అమెరికాగా ఉన్న స్టీవ్ రోజర్స్ ఆలోచించుకుని డాలు బల్ల మీద పెట్టి వెళ్లిపోయాడు. వాళ్లు ఆ డాలు జాన్ వాకర్ అనే ఇంకొకడి చేతికిచ్చారు. తుపాకీ పేలలేదు, ఎవరూ ఎవర్నీ కొట్టలేదు. సర్వీసు రూల్సు చూపించి దేశభక్తుడి ఉద్యోగం ఊడగొట్టిన సీను అది. ప్రభుత్వ ఆఫీసులో ఫైలు కోసం తిరిగినవాళ్లకు సూపర్‌హీరో కథల్లో ఇంతకంటే నమ్మదగ్గ సన్నివేశం దొరకదు.

ఈ ఆఫీసులన్నిటిలో నాకిష్టమైంది డీఈఓ. పూర్తి పేరు డిపార్ట్‌మెంట్ ఆఫ్ ఎక్స్‌ట్రానార్మల్ ఆపరేషన్స్. 1998 మొదట్లో ఒక బ్యాట్‌మ్యాన్ సంచికలో కనిపించింది. అక్కడ పరిచయమైన కేమరన్ చేజ్ అనే ఏజెంట్‌కు అదే ఏడాది సొంత పత్రిక వచ్చి, ఏడాది నిండకుండానే ఆగిపోయింది. డీఈఓ పని అచ్చంగా మూడో పనే. శక్తి ఉన్నది ఎవరికి, వాళ్లుండేది ఎక్కడ, ఆ శక్తి ప్రమాదమా కాదా అని ఆరా తీసి ఫైలు కట్టడం. చేజ్‌కు ఏ శక్తులూ ఉన్నట్టు ఆమెకే తెలియదు. ముసుగు వేసుకున్నవాళ్లంటే మాత్రం ఒళ్లు మంట. ఎందుకంటే వాళ్ల నాన్న ఎవరికీ పెద్దగా తెలియని ఒక చిన్నపాటి ముసుగు వీరుడు. ఆ ముసుగు కారణంగానే ఒక హంతకుడు ఆయన్ని చంపాడు. కూతుళ్లు తండ్రి లేకుండా పెరిగారు.

నిఘా ఆఫీసు తరఫున కామిక్స్‌లో వచ్చిన గట్టి వాదన ఇదేనని నా అభిప్రాయం. హీరో రహస్యానికి మూల్యం చెల్లించేది హీరో ఒక్కడే కాదు, ఇంట్లోవాళ్లు కూడా. వాళ్లను అడిగి ఎవరూ ముసుగు వేసుకోలేదు. ఈ కోపంలో న్యాయం ఉంది కనుకే చేజ్ విలన్‌లా కనిపించదు, పనంటే విసుగూ బాధ్యతా రెండూ ఉన్న ఉద్యోగిలా కనిపిస్తుంది.

ఇక ఆమె పై అధికారి డైరెక్టర్ బోన్స్. చర్మం, కండ ఏదీ కంటికి కనపడని మనిషి. సూటు వేసుకుని సిగరెట్ తాగుతున్న అస్థిపంజరంలా ఉంటాడు. ఒంట్లో సయనైడ్ ఉంది, ముట్టుకుంటే చావే. 1980ల్లో విలన్ల గుంపుతో మొదలై తర్వాత హీరోల జట్టులో చేరిన మిస్టర్ బోన్స్ ఇతనే. అంటే శక్తులున్నవాళ్ల ఫైళ్లు కట్టే ఆఫీసులో మొదటి ఫైలు తెరవాల్సింది డైరెక్టరు గారి పేరు మీదే. 2015లో మొదలైన సూపర్‌గర్ల్ టీవీ సీరియల్‌లో కూడా ఇదే తిరకాసు. అక్కడ డీఈఓ గ్రహాంతరవాసుల్ని పట్టే సంస్థ. దాని డైరెక్టరు హ్యాంక్ హెన్షా నిజానికి హెన్షా కాదు, ఆ రూపంలో దాక్కున్న అంగారక గ్రహవాసి. రచయితలు ఈ మెలిక మళ్లీ మళ్లీ వాడుతున్నారంటే అది చమత్కారం కోసమే కాదనిపిస్తుంది. జాబితాలో ఉండాల్సినవాడికి జాబితా అవతలి వైపు కూర్చోవడమే అన్నిటికంటే భద్రమైన చోటు.

ఇప్పుడు మళ్లీ స్టార్క్ దగ్గరికి. 2006లో మార్వెల్ వేసిన సివిల్ వార్ కథ కనెక్టికట్ రాష్ట్రంలోని స్టాంఫర్డ్‌లో మొదలవుతుంది. న్యూ వారియర్స్ అనే కుర్ర హీరోల జట్టు టీవీ షో కోసం కెమెరాల ముందు విలన్లను పట్టబోతుంది. వాళ్లలో నైట్రో అనేవాడు తనను తాను పేల్చుకుంటాడు. పక్కనే బడి. పిల్లలతో కలిపి 600 మందికి పైగా చనిపోతారు. దేశం మండిపోతుంది. సూపర్‌హ్యూమన్ రిజిస్ట్రేషన్ చట్టం వస్తుంది. దాని ప్రకారం అసలు పేరు ప్రభుత్వానికి చెప్పాలి, శిక్షణ తీసుకోవాలి, ఆ తర్వాత జీతం తీసుకుని పనిచేయవచ్చు. ఒప్పుకోకపోతే అరెస్టు. హీరోలు రెండుగా చీలి కొట్టుకుంటారు, చట్టం వైపు ముందు నిలబడేది స్టార్క్.

స్టార్క్ వాదన కొట్టిపారేయదగ్గది కాదు. డాక్టరుకు రిజిస్ట్రేషన్ ఉంది. లారీ నడపాలంటే లైసెన్స్ కావాలి. చేత్తో భవనం ఎత్తి పడేయగల పదహారేళ్ల కుర్రాడికి ఏమీ అక్కర్లేదా? స్టాంఫర్డ్‌లో బిడ్డను పోగొట్టుకున్న తల్లి ముందు నిలబడి అక్కర్లేదని ఎవరు చెప్పగలరు? అదీగాక చట్టం ఎలాగూ వస్తోంది, మనం లోపల ఉంటే కాస్త మెత్తగా అమలవుతుంది అని కూడా అంటాడు. పెద్ద పదవుల్లో ఉన్న మంచివాళ్లు ఈ మాట అనడం మనం చాలాసార్లు విన్నదే.

మరి తిరకాసు ఎక్కడుందంటే, లైసెన్స్ లారీకి కాదు, లారీ నడపడానికి. లారీ ఉన్నా రోడ్డెక్కించనివాడిని ఎవరూ అడగరు. ఈ చట్టం ముసుగు వేసుకుని వీధిలోకి దిగేవాళ్లకా, శక్తి ఉన్న ప్రతి మనిషికా? మార్వెల్ రచయితలే దీని మీద ఒక్క మాట మీద లేరు. ఒక పత్రికలో ఒకలా, ఇంకోదాంట్లో ఇంకోలా రాశారు. దీన్ని ఎడిటింగ్ లోపం అని అభిమానులు తిట్టుకుంటారు. లోపమే. కానీ ల్యూక్ కేజ్ మీద వచ్చిన ఒక్క సంచిక చదివితే అసలు చిక్కంతా ఆ లోపంలోనే ఉందని తెలుస్తుంది. కేజ్ హార్లెంలో ఉండే నల్లజాతి హీరో, చేయని నేరానికి జైలుకెళ్లొచ్చినవాడు. చట్టం అమల్లోకి వచ్చే రాత్రికి ముందు స్టార్క్ వచ్చి సంతకం పెట్టమంటాడు. పెట్టను, ఇక్కడే కూర్చుంటాను, ఏమీ చేయను, ఏం చేస్తారో చూస్తాను అంటాడు కేజ్. భార్యనూ పసిబిడ్డనూ వేరేచోటికి పంపేసి ఇంట్లో కూర్చుంటాడు. అర్ధరాత్రి దాటగానే షీల్డ్ బలగాలు ఆ ఇంటి మీదకు వస్తాయి. అతను ఆ రోజు చేసిన నేరం, తన ఇంట్లో తాను కుర్చీలో కూర్చోవడం.

ఈ కథ వచ్చిన సమయం కూడా చూడాలి. 2001 దాడుల తర్వాత ప్రభుత్వానికి నిఘా అధికారాలు పెంచిన ప్యాట్రియట్ చట్టం వచ్చింది. 2002లో మొదలుపెట్టి, 25 దేశాల నుంచి అమెరికాకు వచ్చిన, 16 ఏళ్లు దాటిన మగవాళ్లను ఆఫీసులకొచ్చి వేలిముద్రలిచ్చి నమోదు చేసుకోమన్నారు. ఉత్తర కొరియాను పక్కన పెడితే మిగిలినవి దాదాపు అన్నీ ముస్లింలు ఎక్కువగా ఉన్న దేశాలే. భారత్ ఆ 25లో లేదు కనుక అప్పటికి అక్కడ స్థిరపడిన తెలుగువాళ్లలో చాలామందికి అదొకటి నడిచిందన్న సంగతే గుర్తుండకపోవచ్చు. జాబితాలో లేనివాడికి జాబితా కనపడదు. కామిక్స్‌లో చట్టాన్ని కాదన్నవాళ్లను పెట్టిన జైలు వేరే లోకంలో ఉంటుంది, విచారణ ఉండదు. దాని పేరు 42. స్టార్క్ మిత్రబృందం రాసుకున్న వంద ఆలోచనల్లో అది 42వది అట. అమెరికా విచారణ లేకుండా ఖైదీలను ఉంచిన గ్వాంటనామో జైలు పేరు ఎత్తకుండానే ఎత్తడమంటే ఇదే.

ఇక్కడ ఒక్క పాత్ర గురించి చెప్పకుండా ఉండలేను. ఫెంటాస్టిక్ ఫోర్ నాయకుడు రీడ్ రిచర్డ్స్. ఇలాంటి చట్టమే తెద్దామని 1990 ప్రాంతంలో వచ్చిన కథలో కాంగ్రెస్ ముందుకెళ్లి, వద్దని వాదించినవాడు ఈయనే. 2006లో అదే మనిషి స్టార్క్ పక్కన నిలబడి జైలు కట్టించాడు. లెక్కలు వేసి చూశాను, చట్టం లేకపోతే సర్వనాశనం తప్పదు అన్నాడు. లెక్క తప్పని మేధావికి భయం వేస్తే ఎంత దూరం వెళ్తాడో చూపడానికి ఇది చాలు.

స్పైడర్‌మ్యాన్ కూడా స్టార్క్ మాట నమ్మి, విలేకరుల ముందు ముసుగు తీసి తన పేరు చెప్పేశాడు. ఆ తర్వాత ఒక తుపాకీ గుండు అతన్ని పెంచిన మే అత్తకు తగిలింది. గురి పీటర్ పార్కర్ మీద, పడింది ముసలావిడ. కేమరన్ చేజ్ కోపానికి ఇది అద్దంలో ప్రతిబింబం లాంటిది. అక్కడ రహస్యం ఇంటిని కూల్చింది, ఇక్కడ రహస్యం బయటపడడం. రెండు కథల్నీ పక్కపక్కన పెట్టుకుంటే నమోదు మంచిదా చెడ్డదా అన్న ప్రశ్న పక్కకు తప్పుకుని, ఆ పేరు ఎవరి చేతిలో పడుతుందన్న ప్రశ్న ఒక్కటే మిగులుతుంది.

జవాబు రావడానికి ఎంతో కాలం పట్టలేదు. సివిల్ వార్‌లో స్టార్క్ గెలిచాడు, షీల్డ్ డైరెక్టరు అయ్యాడు. 2008లో స్క్రల్స్ అనే వేషధారి గ్రహాంతరవాసులు భూమి మీద దాడి చేశారు. చివరి పోరులో వాళ్ల రాణిని కాల్చి చంపిన మనిషి టీవీల్లో హీరో అయిపోయాడు. దాడిని ముందే పసిగట్టలేదని స్టార్క్‌ను తీసేసి, షీల్డ్‌ను మూసేసి, కొత్త సంస్థ పగ్గాలు ఆ టీవీ హీరో చేతిలో పెట్టింది ప్రభుత్వం. అతని పేరు నార్మన్ ఆస్‌బర్న్. ఒకప్పటి గ్రీన్ గాబ్లిన్. 1973 నాటి కథలో స్పైడర్‌మ్యాన్ ప్రియురాలు గ్వెన్ స్టేసీని చంపినవాడు. చట్టంలో ఒక్క అక్షరం మారలేదు, ఎక్కడా తిరుగుబాటు జరగలేదు, అన్నీ పద్ధతి ప్రకారమే జరిగాయి. ఒక కుర్చీలో మనిషి మారాడు. బీరువా తాళాలు కుర్చీతో పాటు వచ్చేస్తాయి కదా. జనాభా లెక్కలు రాసుకున్న గుమాస్తా మాట గుర్తుకు రావాల్సింది ఇక్కడే.

ఒక్కటి మాత్రం రాలేదు. స్టార్క్ వెళ్తూ వెళ్తూ ఆఫీసు కంప్యూటర్లలోని జాబితాను చెరిపేశాడు. మిగిలిన ఒకే ఒక్క ప్రతి అతని తలలో ఉంది. అందుకే ఆ పరుగు, ఆ చెరుపుకోవడం. మొదట చెప్పిన కథ ఇదే.

రిజిస్ట్రేషన్ చట్టం 2010లో కథలోనే రద్దయింది. తర్వాత కూడా ఇలాంటివి ఆగలేదు. 2016లో వచ్చిన కెప్టెన్ అమెరికా: సివిల్ వార్ సినిమాలో ఐక్యరాజ్యసమితి ఒప్పందం రూపంలో వచ్చింది. 2020లో చిన్నవయసు హీరోల మీద ఒక చట్టం, దాన్ని అమలు చేయడానికి క్రేడిల్ అనే ముద్దుపేరుతో ఒక సంస్థ వచ్చాయి. పేరు ఊయల, పని పట్టుకెళ్లడం.

స్టార్క్ చావలేదు, కోలుకున్నాడు. తన మెదడుకు ముందే ఒక నకలు తీసి దాచుకున్నాడు, దాన్ని మళ్లీ ఎక్కించుకున్నాడు. కాకపోతే ఆ నకలు సివిల్ వార్‌కు ముందు తీసింది. అందుకని కళ్లు తెరిచినప్పుడు అతనికి స్టాంఫర్డ్ తర్వాతిదేదీ గుర్తులేదు. చట్టం కోసం చేసిన వాదనలు గుర్తులేవు, స్నేహితులతో కొట్టుకున్నది గుర్తులేదు, 42 కట్టింది గుర్తులేదు. చదివి తెలుసుకోవాల్సి వచ్చింది. ఎదురుగా నిలబడ్డవాళ్లకు మాత్రం అన్నీ గుర్తున్నాయి.